నాలుగు లైన్ల ఆర్డరు వెనక ఏముంది?

(ఒక జిల్లా కేంద్రంలో తాత్కాలిక, కాంట్రాక్టు ఉద్యోగుల సమావేశంలో సర్వీసు కేసులు, అంటే ఉద్యోగ వివాదాల కేసులు చూసే న్యాయవాది చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం. ఆదివారం పూట, అదీ నెలాఖరులో, ఇంతమంది వస్తారని నేను అనుకోలేదు. వెనక నిలబడ్డవాళ్లు ముందుకొచ్చి జంపఖానా మీద కూర్చోండి, మైకు సరిగా పనిచేయడం లేదు, గొంతు పెంచి మాట్లాడతాను.

రెండేళ్ల కింద ఒక కుర్రాడు నా దగ్గరకొచ్చాడు. ఒక ఆఫీసులో కంప్యూటర్ ఆపరేటరు, ఆరేళ్ల సర్వీసు, టెంపరరీ. చేతిలో ఒక ఆర్డరు. మొత్తం నాలుగు లైన్లు. పైన ఆర్‌సీ నంబరు అనే ఫైలు నంబరు, కింద ఆకుపచ్చ ఇంకుతో సంతకం, మధ్యలో 'మీ సేవలు ఇకపై అవసరం లేనందున విధుల నుంచి తప్పించడమైనది' అని ఒక మాట, తేదీ పక్కన ఎ.ఎన్. అని, అంటే ఆ రోజు మధ్యాహ్నం నుంచే అని. అతను అన్నది ఒక్కటే: "సార్, ఇందులో నేను తప్పు చేశానని ఎక్కడా రాయలేదు కదా, ఇంక కోర్టుకెళ్లి ఏం చెప్తాం?"

మిగతా కాగితాలేవి అని అడిగాను. ఒక పాలిథిన్ కవరు తీశాడు. అందులో ఆ ఆర్డరుకి మూడు వారాల ముందు ఇచ్చిన మెమో ఉంది. డబ్బు తీసుకుని సర్టిఫికెట్ ఇచ్చావని ఫిర్యాదు వచ్చింది, మూడు రోజుల్లో సంజాయిషీ ఇవ్వు అని. అతను ఇచ్చిన జవాబు ఉంది, కానీ దానిమీద ఉత్తరాలు తీసుకునే టపాల్ సెక్షన్ స్టాంపు లేదు, ఎందుకంటే సూపరింటెండెంటు చేతికే ఇచ్చొచ్చాడట. ఆ తర్వాత ఒక అధికారి వచ్చి ఎవరెవరినో అడిగి వెళ్లాడు, ఇతన్ని మాత్రం పిలవలేదు. ఆ తర్వాత ఈ నాలుగు లైన్లు. నేనన్నాను, బాబూ, నీ కేసు ఆ ఆర్డరులో లేదు, ఈ కవరులో ఉంది.

ఈరోజు నేను చెప్పదల్చుకున్నది ఇదే. తాత్కాలిక ఉద్యోగికి 'నన్ను ఉద్యోగంలో కొనసాగించాల్సిందే' అని పట్టుబట్టే హక్కు సాధారణంగా ఉండదు. ఉంటుందని మీకు ఎవరైనా చెబితే నమ్మకండి. కానీ తప్పు చేశావని మనసులో తీర్మానించుకుని, ఆ తప్పేంటో విచారించకుండా, నీ మాట వినకుండా, పైకి మాత్రం 'సేవలు అవసరం లేదు' అని రాసి పంపించే హక్కు ప్రభుత్వానికీ లేదు. ఈ రెండో మాట మన దేశంలో అరవై ఏళ్లకు పైగా చట్టం. అయినా జిల్లాల్లో సగం ఆఫీసులకు ఇది తెలియదు, తెలిసినా టెంపరరీ వాడే కదా, వాడేం కోర్టుకెళ్తాడు అని ధీమా. ఆ ధీమా చూస్తేనే నాకు కోపం వస్తుంది.

రాజ్యాంగంలో 311వ అధికరణ ఉంది, మీలో చాలామంది పరీక్షలకు చదివే ఉంటారు. డిస్మిస్ చేయాలన్నా, రిమూవ్ చేయాలన్నా, హోదా తగ్గించాలన్నా ఆరోపణలు చెప్పాలి, తన వాదన వినిపించుకోవడానికి సరైన అవకాశం ఇవ్వాలి. ఇది పర్మనెంటు వాళ్లకే అని ఒక అపోహ ఉంది. 1957లో పురుషోత్తం లాల్ ధింగ్రా కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఆ అపోహను కొట్టేసింది. పర్మనెంటు, టెంపరరీ, ప్రొబేషన్, ఎవరైనా సరే, సివిల్ పోస్టులో, అంటే నేరుగా ప్రభుత్వ కొలువులో ఉన్నవాళ్లని శిక్షగా తీసేస్తే 311 వర్తిస్తుంది అంది. అంటే అసలు ప్రశ్న నువ్వు పర్మనెంటా కాదా అని కాదు. నిన్ను తీసేసింది శిక్షగానా, కాదా? తాత్కాలిక ఉద్యోగుల కేసులన్నీ చివరికి ఈ ఒక్క ప్రశ్న చుట్టూనే తిరుగుతాయి.

అది శిక్షో కాదో ఎలా తెలుస్తుంది? కొన్నిసార్లు ఆర్డరే చెప్పేస్తుంది. 1960ల్లో జగదీశ్ మిత్తర్ అనే తాత్కాలిక గుమాస్తా కేసు వచ్చింది. ఒక నెల నోటీసిచ్చి తీసేశారు, నోటీసు ఇచ్చారు కాబట్టి అంతా పద్ధతిగా ఉన్నట్టే. కానీ ఆ ఆర్డరులో 'ప్రభుత్వ సర్వీసులో ఉంచుకోవడానికి తగనివాడని తేలినందున' అనే అర్థం వచ్చే మాట రాశారు. ఆ ఒక్క మాట చాలు, అది ముద్ర అంది కోర్టు. రేపు ఈ మనిషి ఇంకో ఉద్యోగానికి వెళ్తే ఆ కాగితం చూసి ఎవరిస్తారు? దీన్నే మా భాషలో స్టిగ్మా అంటాం. 1999లో కలకత్తాలోని ఒక పరిశోధన సంస్థ కేసులో ఇంకో మెట్టు ఎక్కారు: ఆర్డరులో ముద్ర లేకపోయినా, 'ఫలానా తేదీల లెటర్లు చూడుడు' అని రాసి ఆ లెటర్లలో ఆరోపణలుంటే, అదీ ముద్రే అన్నారు. కాబట్టి మీ ఆర్డరులో పైన 'రెఫరెన్స్' అని ఒకటి, రెండు, మూడు అని ఉంటాయి చూశారా, వాటిని వదిలేయకండి, ఒక్కొక్కటీ ఏ కాగితమో కనుక్కోండి.

ఇప్పుడు అధికారులు తెలివి మీరిపోయారు. ఆర్డరులో ఏమీ రాయరు. అప్పుడేం చేయాలి? దీనికి హైదరాబాదులోనే పుట్టిన కేసు ఒకటుంది, చాలామందికి తెలియదు. నేషనల్ పోలీస్ అకాడమీలో ట్రైనింగులో ఉన్న అనూప్ జైస్వాల్ అనే ఐపీఎస్ ప్రొబేషనరు. 1981 జూన్‌లో ఒకరోజు పొద్దున వాన పడింది, ట్రైనీలు పీటీకి ఆలస్యంగా చేరారు, అందరూ అలా రావడానికి ఇతనే కారకుడన్నారు. సంజాయిషీ అడిగారు. కొన్ని నెలలకి సర్వీసు నుంచి తప్పించే డిశ్చార్జ్ ఆర్డరు వచ్చింది. ఆ ఆర్డరులో వాన లేదు, పీటీ లేదు, తప్పు లేదు, రూలు నంబరు వేసి సాదాసీదాగా పంపించేశారు. 1984లో సుప్రీంకోర్టు ఏమందంటే, ఆర్డరు పైకి ఎంత శుభ్రంగా ఉన్నా మేము ముసుగు తీసి చూస్తాం, ముసుగు తీస్తే కనిపించింది ఆ ఒక్క సంఘటనే, దానికి విచారణ జరపలేదు, కాబట్టి ఇది శిక్షే అని కొట్టేసి అతన్ని మళ్లీ సర్వీసులోకి తీసుకోమంది. ఐపీఎస్ ప్రొబేషనరుకు వర్తించిన సూత్రమే మన ఆఫీసులోని టెంపరరీ అటెండరుకూ వర్తిస్తుంది. దీనికి పదేళ్ల ముందు, 1974లో శంషేర్ సింగ్ కేసులో ఏడుగురు జడ్జీల బెంచి కూడా ఇదే చెప్పింది, రూపం కాదు, సారం చూడాలి అని.

ఇంతవరకూ విని సంబరపడకండి. ఓడిపోయే కేసులూ చెప్పాలి, లేకపోతే నేను మీకు అన్యాయం చేసినవాణ్ణవుతాను.

కోర్టులు ఒక గీత గీశాయి, 'కారణం'గా పనిచేసింది వేరు, 'పునాది'గా పనిచేసింది వేరు అని. మోటివ్, ఫౌండేషన్ అంటారు. మీమీద ఫిర్యాదు వచ్చింది, అధికారి ప్రాథమికంగా కనుక్కున్నాడు, ఇదంతా తేల్చుకుంటూ కూర్చోవడం ఎందుకు, ఎలాగూ టెంపరరీ కదా, రూలు ప్రకారం నోటీసిచ్చి పంపించేద్దాం అనుకున్నాడు. అప్పుడు ఫిర్యాదు కేవలం మోటివ్, ఆర్డరు నిలబడుతుంది. 1991లో ఉత్తరప్రదేశ్‌కి చెందిన ఒక అడ్‌హాక్ అసిస్టెంట్ ఆడిటర్ కేసులో సరిగ్గా ఇదే జరిగింది, ప్రాథమిక విచారణ జరిగినా సాదా ఆర్డరు చెల్లుతుంది అన్నారు. అదే, మీ వెనకాల పూర్తి విచారణ జరిపి, అవినీతో దుష్ప్రవర్తనో జరిగిందని తేల్చేసి, దోషి అని నిర్ణయించి, ఆ నిర్ణయం మీద ఆర్డరు ఇస్తే అది ఫౌండేషన్. 2001లో లక్నోలోని సంజయ్ గాంధీ వైద్య సంస్థ కేసులో ఈ మూడూ ఉండాలని స్పష్టంగా చెప్పారు: పూర్తిస్థాయి విచారణ, దుష్ప్రవర్తన ఆరోపణ మీద, దోషి అనే నిర్ధారణతో ముగియడం. ఒకటి తగ్గినా కష్టం. నిజం చెప్పాలంటే ఈ గీత చాలా సన్నటిది, ఒకేలాంటి రెండు కేసుల్లో రెండు తీర్పులు రావడం నేను చూశాను, నాకు ఇది నచ్చదు, కానీ ఉన్నది ఇది. 'పనితీరు సంతృప్తికరంగా లేదు' అని రాసినా చాలావరకు స్టిగ్మా కాదనే అంటారు, ముఖ్యంగా ప్రొబేషన్‌లో.

అందుకే ఆ కంప్యూటర్ ఆపరేటరు చేత ముందు ఆర్టీఐ అప్లికేషన్ పెట్టించాను. పది రూపాయల ఫీజు, ముప్పై రోజుల గడువు. అడిగింది ఒకటే, నన్ను తొలగించిన ఫైలులోని నోట్ ఫైలు కాపీ. కరెంటు ఫైలు కాదు, గుర్తుపెట్టుకోండి, కరెంటు ఫైలులో వచ్చిన పోయిన లెటర్లుంటాయి, నోట్ ఫైలులో సెక్షన్ అసిస్టెంటు ఏం రాశాడు, సూపరింటెండెంటు ఏం రాశాడు, పైఅధికారి ఏమని సంతకం పెట్టాడు, ఇవన్నీ ఉంటాయి. అది వచ్చింది. అందులో ఒక పేరా: ఆరోపణ రుజువైంది కనుక ఇతన్ని తొలగించవచ్చు, కాంట్రాక్టు షరతు ప్రకారం కారణం చూపనక్కర్లేదు కనుక సాధారణ ఆర్డరు ఇవ్వవచ్చు అని. పక్కన 'అప్రూవ్డ్'. మోటివో ఫౌండేషనో అని నేను కోర్టులో అరగంట వాదించాల్సిన అవసరమే రాలేదు, వాళ్లే రాసిచ్చారు. ఆర్డరు సస్పెండ్ అయింది, తర్వాత కొట్టేశారు.

ఇక్కడ ఒక మాట నిజాయితీగా. కొట్టేశారంటే అంతా అయిపోయినట్టు కాదు. 'కావాలంటే నిబంధనల ప్రకారం కొత్తగా విచారణ జరుపుకోవచ్చు' అని తీర్పు చివర దాదాపు ఎప్పుడూ ఉంటుంది. జీతం బాకీలు పూర్తిగా రావడం కూడా అరుదు. చేతికొచ్చేది ముద్ర పోవడం, నీ మాట వినిపించుకునే ఒక అవకాశం. ఇంట్లో పెళ్లి కావాల్సిన చెల్లెలున్నవాడికి, ఊళ్లో తలెత్తుకుని తిరగాల్సినవాడికి అది చిన్న విషయమేమీ కాదు.

సరే, ఇక్కడున్న మీరందరూ ఒక రకం కాదు. ఆంధ్రలో గ్రామ, వార్డు సచివాలయాల వాళ్లు 2019 అక్టోబరులో చేరి, రెండేళ్ల ప్రొబేషన్ అనుకున్నది 2022 మధ్యదాకా లాగించుకున్నవాళ్లు. మంజూరైన పోస్టుల్లో ఉన్నవాళ్లు కాబట్టి వాళ్లకు 311 పూర్తిగా ఉంటుంది. రిజర్వేషన్ల రోస్టరు పాటించి సెలెక్షన్ కమిటీ ద్వారా వచ్చిన కాంట్రాక్టు వాళ్లకు 311 దొరకకపోయినా సమానత్వం చెప్పే 14వ అధికరణ ఉంది, వినకుండా శిక్షించకూడదనే సహజ న్యాయ సూత్రాలున్నాయి. 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు మధ్యప్రదేశ్ సర్వశిక్షా అభియాన్‌లో కాంట్రాక్టు మీద పనిచేసిన ఒక మహిళ కేసులో, ఆరోపణల మీద తీసేసి కాంట్రాక్టు ముగిసిందని చెబితే కుదరదు అంది. ఈ తీర్పు మీ యూనియన్ ఆఫీసులో ప్రింటు తీసి పెట్టుకోండి. అంగన్‌వాడీ అక్కలకు 2006లో సుప్రీంకోర్టు సివిల్ పోస్టు కాదు అనేసింది, కాబట్టి మీకు 311 లేదు, సర్వీసు కేసుల ట్రైబ్యునల్ లేదు, కానీ హైకోర్టులో నేరుగా వేసే రిట్ పిటిషన్ ఉంది, వినకుండా తీసేయడం మీ విషయంలోనూ తప్పే.

ఔట్‌సోర్సింగ్ వాళ్ల సంగతి అన్నిటికంటే బాధాకరం. పని ప్రభుత్వానిది, ఆఫీసు ప్రభుత్వానిది, తిట్టేది ప్రభుత్వ అధికారి, కాగితం మీద యజమాని మాత్రం ఏజెన్సీ. 'మాకు సంబంధం లేదు, ఏజెన్సీ తీసేసింది' అంటారు. మీరు చేయాల్సింది, మీ తొలగింపు అధికారి ఇచ్చిన లెటరు వల్లే జరిగిందని చూపించే కాగితం సంపాదించడం. అది ఉంటే హైకోర్టు తలుపు తట్టొచ్చు. లేకపోతే కార్మిక చట్టాల కింద వెళ్లే దారి, అక్కడ ఏడాదిలో 240 రోజులు పనిచేసినట్టు రుజువు కావాలి, అంటే అటెండెన్సు, పీఎఫ్ పాస్‌బుక్, బ్యాంకు స్టేట్‌మెంటు.

ఎక్కడికి వెళ్లాలి అనేది చెప్తాను. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులైతే హైదరాబాదులోని క్యాట్, అంటే కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్ బెంచి, ఏడాది లోపు వెళ్లాలి, ముందు డిపార్టుమెంటులో అప్పీలు చేసుకోవాలి. రాష్ట్ర ఉద్యోగులకు ఒకప్పుడు అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్ ఉండేది, ఇప్పుడు రెండు రాష్ట్రాల్లోనూ లేదు, నేరుగా హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ వేయాల్సిందే, ఇటు హైదరాబాదు, అటు అమరావతి నేలపాడు. ఇచ్ఛాపురం నుంచి నెలకు పదిహేను వేలు జీతమొచ్చే మనిషి అమరావతి దాకా రావాలంటే ఎంత కష్టమో నాకు తెలుసు. రిట్‌కు ఇన్ని రోజులని గడువు లేదు గానీ ఏడాదిన్నర ఇంట్లో కూర్చుని వస్తే జడ్జిగారి మొదటి ప్రశ్న అదే, ఇన్నాళ్లు ఏం చేశారు అని. డిపార్టుమెంటు అప్పీలుకు సెంట్రల్‌లో 45 రోజులు. మీరు రాష్ట్రమైనా సెంట్రలైనా 45 రోజులు దాటనివ్వకండి, అంతే. ఇంకోటి, కోర్టు మళ్లీ మొదటి నుంచి సాక్ష్యాలు తూచదు. 1963లో మన ఆంధ్రప్రదేశ్ నుంచే వెళ్లిన శ్రీరామారావు కేసులో, మేము అప్పీలు కోర్టు కాదు, పద్ధతి పాటించారా, ఏదో ఒక ఆధారముందా అని మాత్రమే చూస్తాం అన్నారు. కాబట్టి నీ నిజం ఎంక్వైరీలోనే రికార్డు కావాలి.

ఎంక్వైరీ అంటూ పెడితే భయపడకండి, అది మీకు మేలే. ఆరోపణలు రాసిచ్చే చార్జ్ మెమోతో పాటు ఏ డాక్యుమెంట్ల మీద ఆధారపడ్డారో ఆ కాపీలు అడగండి, సాక్షులను ప్రశ్నించే అవకాశం అడగండి, ఇవ్వకపోతే ఆ రోజే రాసి ఇవ్వండి, ఇవ్వలేదని. రిపోర్టు వచ్చాక దాని కాపీ మీకివ్వాలి, దానిమీద మీ జవాబు విన్నాకే శిక్ష, ఇది 1993లో హైదరాబాదు ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం తేల్చిన మాట. అయితే కాపీ ఇవ్వకపోవడం వల్ల మీకు జరిగిన నష్టమేంటో చూపించాలి, ఊరికే ఇవ్వలేదంటే సరిపోదు.

ఇప్పుడు కొత్త పద్ధతి ఒకటొచ్చింది, ఆర్డరే ఇవ్వరు. పొద్దున వెళ్లి మెషీన్ మీద వేలు పెడితే 'ఇన్‌వాలిడ్' అని వస్తుంది. సార్‌ని అడిగితే 'పైనుంచి చెప్పారు, కొన్నాళ్లు ఇంట్లో ఉండు' అంటారు. మీరు నమ్మి ఇంట్లో ఉంటారు. మూడు నెలలకి 'అనధికారికంగా గైర్హాజరైనందున' అని కాగితం వస్తుంది. కాబట్టి ఆ రోజే, ఆ స్క్రీన్ ఫోటో తీసుకుని, 'నేను డ్యూటీకి వచ్చాను, అనుమతించలేదు, పనిచేయడానికి సిద్ధంగా ఉన్నాను' అని నాలుగు ముక్కలు రాసి స్పీడు పోస్టులో పంపి, మెయిల్ కూడా పెట్టండి. రాజీనామా రాసివ్వు, కేసు లేకుండా చేస్తాం అంటే రాయకండి. టెన్షన్‌లో రాసేశారా, ఆమోదం రాకముందే వెనక్కి తీసుకుంటున్నానని రాతపూర్వకంగా ఇవ్వండి. సంజాయిషీలో 'తెలియక చేశాను, క్షమించండి' అని మాత్రం ఎవరి సలహా మీదా రాయొద్దు, చేయని తప్పుకి. పెద్దాయన బాగా చూసుకుంటానన్నాడు సార్, అందుకే రాశాను అని ఎంతమంది చెప్పారో నాకు. కోర్టులో ఆ ఒక్క వాక్యమే చదువుతారు.

ప్రశ్నలు అడుగుతారా? చెప్పమ్మా.

(ఒక మహిళ: కాంట్రాక్టులో ఉన్నానండి, డెలివరీకి సెలవు పెట్టాను, మీకు సెలవు వర్తించదు అని గైర్హాజరు మెమో ఇచ్చారు, మార్చితో కాంట్రాక్టు కూడా అయిపోయింది, రెన్యువల్ చేయలేదు.)

అమ్మా, ముందు కంగారు పడకు. 2023లో సుప్రీంకోర్టు ఢిల్లీ ప్రభుత్వ ఆస్పత్రి కాంట్రాక్టు డాక్టరు కేసులో చెప్పింది, ప్రసూతి ప్రయోజనం కాంట్రాక్టు గడువు ముగిసినా ఆగదు అని. కాబట్టి సెలవు కాలం జీతం నీ హక్కు, అది వేరే క్లెయిము. ఇక గైర్హాజరు అంటావా, కావాలని రాకపోతేనే అది దుష్ప్రవర్తన, కారణముండి రాలేకపోతే కాదు అని 2012లోనే ఒక తీర్పు ఉంది. నీ రెన్యువల్ ఆపింది ఆ మెమో వల్లేనా అన్నది తేలాలి, నీతో పాటు చేరిన మిగతావాళ్లందరికీ రెన్యువల్ చేసి నీకొక్కదానికే ఆపారా? ఆపారా, మంచిది, వాళ్ల ఆర్డరు కాపీ ఒకటి సంపాదించు. ఫీజు గురించి ఆలోచించకు, మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం చట్టంలోనే ఉంది, జిల్లా న్యాయ సేవాధికార సంస్థ కోర్టు ప్రాంగణంలోనే ఉంటుంది, ఫోన్ చేయాలంటే 15100. సెలవు లెటరు ఇచ్చినప్పుడు స్టాంపు వేయించుకున్నావా? లేదా. వాట్సాప్‌లో సార్‌కి పంపావా? అయితే ఆ మెసేజి డిలీట్ చేయకు, ఫోన్ మార్చకు, తేదీ కనిపించేలా స్క్రీన్‌షాట్ తీసి ప్రింటు వేయించు. ఆస్పత్రి డిశ్చార్జ్ సమ్మరీ, పాప జనన ధ్రువపత్రం, ఆ మెమో, నీ మొదటి అపాయింట్‌మెంటు ఆర్డరు, ఈ నాలుగూ పట్టుకుని రేపు పదిన్నరకి కోర్టు దగ్గరకి రా, నేను అక్కడే ఉంటాను.